ఆలూబుఖారా గింజ పట్టించేసింది

ప్రశ్న: మేం డాలస్ దగ్గర ఫ్రిస్కోలో ఉంటాం. ఆరు నెలలు ఉండి వెళ్దామని మా అత్తయ్య తణుకు నుంచి వచ్చారు. రోజూ సాయంత్రం ఆరున్నరకల్లా స్నానం చేసి, దీపం పెట్టి, టీవీలో పౌరాణిక సీరియల్ వేసుకుని కూర్చుంటారు. దేవుడు తెర మీదికి రాగానే దణ్ణం పెడతారు. నాకేమో వంట పిచ్చి. మా పక్కింట్లో కరాచీ నుంచి వచ్చిన ఒకావిడ ఉన్నారు, నేను బాజీ (ఉర్దూలో అక్క) అని పిలుస్తాను. ఆవిడ దగ్గర వాళ్ళ బిర్యానీ నేర్చుకుంటున్నాను. పోయిన శనివారం సాయంత్రం (అత్తయ్య ఆ రోజు నీచు తినరని మర్చిపోయాను) బిర్యానీ చేశాను. అత్తయ్య సీరియల్ సగంలో ఆపేసి గదిలోకి వెళ్ళిపోయారు. పాకిస్తాన్ బిర్యానీ అంటే గొడవని "హైదరాబాదీ బిర్యానీ అత్తయ్యా" అని చెప్పాను. ఆదివారం మధ్యాహ్నం మిగిలింది వేడి చేసి పెడితే తిన్నారు. మధ్యలో పంటి కింద గింజ తగిలింది. "ఇదేంటమ్మా, బిర్యానీలో గింజేంటి?" అన్నారు. ఆరేళ్ళ మా పాప "నానమ్మా, అది బాజీ ఆంటీ ఇచ్చిన ప్లమ్, వాళ్ళ పాకిస్తాన్‌లో వేస్తారట" అనేసింది. అప్పట్నుంచి నేను వండింది ముట్టడం లేదు, పెరుగన్నం కలుపుకుంటున్నారు. అంతకు ముందు ఒకసారి సీరియల్ చూస్తుంటే "ఆ బాణం రేపటికిగానీ తగలదులెండి" అని నేను నవ్వాను, అది కూడా మనసులో పెట్టుకున్నట్టున్నారు. మా ఆయన్ని అడిగితే "మీరూ మీరూ చూసుకోండి" అంటారు. వచ్చే ఆదివారం కాక పైవారం బాజీ వాళ్ళని భోజనానికి పిలిచాను. మానెయ్యమంటారా? ఇంకో సంగతి, తెల్ల బాస్మతి తెచ్చి బాజీ చెప్పినట్టే గంటన్నర నానబెట్టి పది నిమిషాలు ఉడికించినా అన్నం ముద్దవుతోంది, బంగాళదుంపేమో ఉడకడం లేదు. ఎక్కడ తప్పు చేస్తున్నాను?

సమాధానం: మీరు రాసిన అసలు ఉత్తరం చాలా పెద్దది, ఇక్కడ సగానికి కుదించాం. అందులో పాకిస్తాన్ అన్న మాట తొమ్మిదిసార్లు ఉంది. మీరు బిర్యానీ చేసింది శనివారమన్న ముక్క మాత్రం ఒక్కసారే వచ్చింది, దాని వెనకే అసలు సంగతి బ్రాకెట్లో పెట్టేశారు. ఇదే ఉత్తరం మీ అత్తగారు రాసుంటే ఈ లెక్క తిరగబడి ఉండేదని నా అనుమానం.

గోదావరి జిల్లాల్లో నీచు తినే ఇళ్ళల్లో కూడా వారాల పట్టింపు గట్టిగానే ఉంటుంది. శనివారం వెంకటేశ్వరస్వామిది. కొందరికి సోమవారం, కొందరికి గురువారం, ఇక కార్తీకం వస్తే నెలంతా. ఆవిడ వంటింట్లో ఆ రోజు మాంసం గిన్నె కూడా పైకి ఎక్కి కూర్చుంటుంది. అలాంటి మనిషి శనివారం పూట, స్నానం చేసి, దీపం ముందు కూర్చుని ఉండగా మీరు అర కిలో ఉల్లిపాయలు వేయించి మేకమాంసం పొయ్యెక్కించారు. పైగా మీ ఊళ్ళో ఇళ్ళకి వంటింటికీ హాలుకీ మధ్య గోడ ఉండదు. పొయ్యి మీద ఉండే ఫ్యాను చాలా ఇళ్ళల్లో పొగని బయటికి పంపదు, జల్లెడ పట్టి మళ్ళీ గదిలోకే వదులుతుంది. ఆ రోజు మీరు చేసింది గుంటూరు బిర్యానీ అయినా ఆవిడ లేచి వెళ్ళిపోయేవారే.

ఇలాంటి తగువు మన ఇళ్ళకి కొత్తేం కాదు. 1987 జనవరిలో దూరదర్శన్‌లో రామానంద్ సాగర్ రామాయణం మొదలైంది. ఆదివారం పొద్దున తొమ్మిదిన్నరకి వచ్చేది. ఆదివారమంటే మన ఇళ్ళల్లో ఏం రోజో వేరే చెప్పాలా? మాంసం కొట్టు ముందు పొద్దున్నే వరస కట్టే రోజు. మా వీధికంతటికీ ఒకటే టీవీ. ఆ ఇంటివాళ్ళు దానికి చామంతి దండ వేసి, అగరొత్తులు వెలిగించేవారు. గుమ్మం బయట చెప్పుల గుట్ట. హిందీ మాకెవరికీ రాదు, రిటైరైన హిందీ మాస్టారొకాయన ముందు వరసలో కూర్చుని, దశరథుడు ఏడిస్తే ఎందుకేడుస్తున్నాడో వెనక్కి తిరిగి చెప్పేవారు. మా అమ్మ ఆ గంటసేపూ పొయ్యి వెలిగించేది కాదు. మా నాన్నగారు సంచీ చంకలో పెట్టుకునే వచ్చి రామాయణం చూసి, అది అవగానే అటునుంచటే మాంసం కొట్టుకి వెళ్ళేవారు. కొట్టతను కూడా పదిన్నర దాకా తలుపు తీసేవాడు కాదు, అతనూ అక్కడే చూస్తుండేవాడు. రాముడి కోసం మాంసం మానలేదు, మాంసం కోసం రాముణ్ణి మానలేదు. ముందొకటి, తర్వాతొకటి, అంతే.

మీ ఇంట్లో కావలసింది కూడా ఆ గంట తేడాయే. ఆవిడ చూసేది యాప్‌లో కాబట్టి సీరియల్‌ని ఎప్పుడైనా చూడొచ్చు కదా అని మీకు అనిపిస్తుంది. ఆవిడకి మాత్రం ఆరున్నర అంటే దీపాలవేళ, ఆ దీపానికి తోడే ఆ సీరియల్. దాన్ని జరపమని అడక్కండి. బిర్యానీని జరపండి. ఆదివారం మధ్యాహ్నం చేసుకోండి, మూడింటికల్లా గిన్నెలు తోమేసి కిటికీలు తీసి పెట్టండి, ఆరున్నరకి ఇల్లు ఆవిడది.

బాణం జోకు గురించి. నిజం చెప్పాలంటే మీరన్నది అబద్ధం కాదు. హిందీలో తీసి తెలుగులోకి డబ్బింగ్ చేసిన ఈ కాలపు పౌరాణికాల్లో ఒక్కో బాణానికి సభలో ఉన్న ప్రతి మొహాన్నీ ఉరుము చప్పుడుతో మూడేసిసార్లు చూపిస్తారు. మాటకీ పెదవికీ పొత్తు కుదరదు. ఈటీవీలో బాపు రమణలు శ్రీ భాగవతం తీసినప్పుడు మన పద్యం, మన నుడికారం చెవిన పడేవి, ఆ రుచి వేరు. కానీ మీరు ఆ సీరియల్‌ని కథ కోసం చూస్తున్నారు. ఆవిడకి కథ ముందే వచ్చు. హనుమంతుడు సముద్రం దాటతాడో లేదో తేల్చుకోవడానికి ఎవరూ సుందరకాండ పారాయణ చెయ్యరు కదా. ఆవిడకి ఆ అరగంట పారాయణ. బాణం ఎంత నెమ్మదిగా వెళ్తే అంతసేపు దేవుడు ఎదురుగా ఉన్నట్టు. దీనికి ప్రత్యేకంగా క్షమాపణ చెప్పి ఆ జోకుని మళ్ళీ పైకి తియ్యకండి. వారంలో ఒకరోజు పక్కన కూర్చోండి. "అత్తయ్యా, ఈయనెవరు, ఈయనకీ భీష్ముడికీ ఏమవుతుంది?" అని అడగండి. ఫోను మాత్రం వంటింట్లో వదిలేసి రండి.

క్షమాపణ చెప్పాల్సింది ఆ హైదరాబాదీ మాటకి. అబద్ధమని చెప్పేముందు అది తప్పు పేరు కూడా అని చెప్పాలి. హైదరాబాద్‌లో పేరున్నది కచ్చీ పద్ధతి. పచ్చి మాంసాన్ని పెరుగులో, మసాలాలో నానబెట్టి, దాని మీద సగం ఉడికిన అన్నం పరిచి, రెండూ కలిసి దమ్ మీద ఉడకాలి. కరాచీ, సింధీ పద్ధతుల్లో ముందు మాంసం కూర పూర్తిగా చేసుకుంటారు, టమాటాలు, పచ్చిమిరపకాయలు దండిగా పడతాయి, బంగాళదుంప, ఎండిన ఆలూబుఖారా (మీ పాప చెప్పిన ప్లమ్ అదే) వేస్తారు. హైదరాబాద్‌లో బిర్యానీలో బంగాళదుంప అంటే మొహం చిట్లిస్తారు, కరాచీలో అది లేకపోతే అలిగేవాళ్ళున్నారు. గింజ తగలగానే ఆవిడకి అనుమానం వచ్చిందంటే ఆవిడ నాలుక మంచిదన్నమాట, అది మీకు పనికొచ్చే సంగతే.

ఇంకో తమాషా ఉంది. మీరు దమ్‌కి ముందు చల్లే ఆ కేవడా నీళ్ళు ఎందులోంచి తీస్తారో చూశారా? మొగలిపువ్వులోంచి. మన శ్రీకాకుళం దాటి ఒడిశాలోకి అడుగుపెడితే వచ్చే గంజాం జిల్లాలో సముద్రపు ఒడ్డున పూసే మొగలిపొదల నుంచే మన దేశంలో ఎక్కువ భాగం తయారవుతుంది. ఆ పువ్వు శివపూజకి పనికిరాదని మీ అత్తగారికి తప్పకుండా తెలిసి ఉంటుంది. శివలింగం మొదలు, చివర కనుక్కోవడానికి విష్ణువు, బ్రహ్మ బయల్దేరితే, బ్రహ్మ పైకొన చూశానని బొంకాడు, మొగలిపువ్వు అవునవునని సాక్ష్యం చెప్పింది. శివుడు శపించాడు. పేరు మార్చి చెప్పిన బిర్యానీలోకి సరిగ్గా ఆ పువ్వే వచ్చి పడింది. "అత్తయ్యా, మీరు వద్దంటారేమోనని భయపడి పేరు మార్చి చెప్పాను, తప్పయింది, నేను చల్లింది కూడా మొగలిపువ్వు నీళ్ళే" అని చెప్పి చూడండి. కథ ఆవిడే మొదలుపెడతారు. మొదలుపెట్టారంటే సగం చల్లబడ్డట్టే. మధ్యలో మాత్రం "అయినా పాకిస్తాన్ అయితే ఏమైంది అత్తయ్యా" అని తగులుకోకండి.

ఎందుకంటే ఆ మాట వినగానే ఆవిడకి వచ్చే మొదటి అనుమానం రాజకీయం అయ్యుండదు. "ఏం మాంసమో!" అన్నదై ఉంటుంది. పైకి అడగలేరు, అడిగితే మీరు చిన్నబుచ్చుకుంటారని. ఆవిడ అడక్కముందే చెప్పండి. మేకమాంసం, మేమే తెచ్చాం, రోజూ మనం తినే కూరకి ఏ కొట్టు నుంచి తెస్తామో అక్కడి నుంచే. మీ ఊళ్ళో మేకమాంసం కావాలంటే తెలుగువాళ్ళలో చాలామంది వెళ్ళేది హలాల్ దుకాణానికే. వచ్చిన దగ్గర్నుంచీ ఆవిడ తింటున్నదీ బహుశా అదే. వీలైతే ఈసారి కొట్టుకి ఆవిడని కూడా తీసుకెళ్ళండి. ముక్క చూసి లేతదో ముదురో చెప్పడం మీకంటే ఆవిడకే బాగా వచ్చు.

ఇక దేశం సంగతి. ఆవిడ మనసులో ఆ పేరు మీద ముల్లు ఉంటే ఉండనివ్వండి, ఒక భోజనంతో తీసేసే పని పెట్టుకోకండి. కబుర్లలో వస్తే చెప్పడానికి మాత్రం రెండు సంగతులున్నాయి. 1948 తర్వాత మన హైదరాబాద్ నుంచి వెళ్ళినవాళ్ళు కరాచీలో స్థిరపడ్డ పేట ఒకటి ఇప్పటికీ హైదరాబాద్ కాలనీ పేరుతోనే ఉంది. మిర్చీ కా సాలన్, బగారా బైంగన్, పచ్చళ్ళకి అక్కడ పేరు. రెండోది సీరియల్ సంగతే. 1988లో మొదలైన బి.ఆర్. చోప్రా మహాభారతం మీ అత్తగారి వయసువాళ్ళు మర్చిపోలేరు. దానికి మాటలు రాసింది రాహీ మాసూమ్ రజా, ఘాజీపూర్‌కి చెందిన ముస్లిం రచయిత. అందులో అర్జునుడి వేషం వేసిన నటుడి అసలు పేరు ఫిరోజ్ ఖాన్. సీరియల్ చూస్తూ కబుర్ల మీద కబుర్లుగా వస్తే చెప్పండి. వాదనలో గెలవడానికి అస్త్రంలా మాత్రం తియ్యకండి, అప్పుడు ఆవిడ మళ్ళీ గదిలోకే.

బిర్యానీకి వద్దాం, నాకు ఇష్టమైన భాగం ఇదే.

అన్నం ముద్దవడానికి కారణం మీ ఉత్తరంలోనే దొరికింది. గంటన్నర నానబెట్టి పది నిమిషాలు ఉడికించమన్న లెక్క సేలా బాస్మతిది. మీరు తెచ్చింది తెల్ల బాస్మతి. ఇడ్లీకి వాడే ఉప్పుడు బియ్యం ఉంది చూశారా, బాస్మతిని అలా చేస్తే సేలా. వడ్లుగా ఉన్నప్పుడే నానబెట్టి, ఆవిరి పట్టి, ఆరబెట్టి, అప్పుడు మర ఆడిస్తారు. దాంతో గింజ లోపల గట్టిపడి కాస్త పసుపుపచ్చగా కనిపిస్తుంది. ఎంత ఉడికినా ఏ మెతుక్కామెతుకు విడిగా ఉంటుంది. కరాచీ వంటవాళ్ళు చాలామంది వాడేది అదే. బాజీ గారికి అది ఎంత అలవాటంటే పేరు చెప్పాలని కూడా తోచి ఉండదు. తెల్ల బాస్మతే వాడతానంటే అరగంటకు మించి నానబెట్టకండి. మరిగే నీళ్ళల్లో ఐదారు నిమిషాలు ఉడికాక ఒక మెతుకు తీసి వేళ్ళతో నొక్కండి, మధ్యలో సన్నటి పలుకు తగలగానే వార్చెయ్యాలి. సేలా అయితే ఇంకాస్త ఎక్కువ ఉడకనివ్వొచ్చు. నీళ్ళు ధారాళంగా ఉండాలి, నోట్లో వేసుకుంటే చారంత ఉప్పగా ఉండాలి.

బంగాళదుంప ఉడకకపోవడానికి కారణం పులుపు. టమాటా, పెరుగు, ఆలూబుఖారా, మూడూ పులుపే, అందులో పడ్డ దుంప ఓ పట్టాన మెత్తబడదు. మీ అత్తగారు పులుసు పెట్టేటప్పుడు ముక్క ఉడికాకే చింతపండు రసం పోస్తారు, గమనించారా? అదే సూత్రం. దుంపల్ని పెద్ద ముక్కలుగా కోసి, ఉప్పు, పసుపు వేసిన నీళ్ళల్లో విడిగా ముప్పాతిక ఉడికించుకుని, దమ్‌కి ముందు కూరలో కలపండి.

కూర పలచగా ఉన్నా కింద అన్నం ముద్దవుతుంది. కిలో మాంసానికి పావు కిలో పెరుగు, నాలుగైదు టమాటాలు అనుకుంటే వాటి నీళ్ళే చాలా ఉంటాయి. మాంసం మెత్తబడ్డాక మూత తీసి, మంట పెంచి, నూనె పైకి తేలి గరిటెకి మసాలా అంటుకునేదాకా వేయించాలి. చాలామంది ఇక్కడే తొందరపడతారు, నేనూ మొదట్లో ఇలాగే రెండుసార్లు గిన్నెడు బిర్యానీ పాడు చేసుకున్నాను. ఆలూబుఖారా పది పన్నెండు చాలు, కూర చివర్లో వెయ్యండి. పొట్లం మసాలా వాడితే అందులో ఉప్పు ముందే ఉంటుంది, కూరలో ఉప్పు రుచి చూశాకే. కేవడా కిలోకి ఒక చెంచా దాటిందంటే అత్తరు కొట్టులో కూర్చుని తిన్నట్టుంటుంది. అడుగున పెనం పెట్టి, గట్టి మూత వేసి, సన్న సెగ మీద 20 నిమిషాలు. దించాక పది నిమిషాలు మూత తియ్యకుండా ఆగితే మెతుకు నిలబడుతుంది. ఉల్లిపాయలు మాత్రం ముందే, శుక్రవారం పగలు, వెనక ప్యాటియోలో చిన్న స్టవ్ పెట్టుకుని వేయించి డబ్బాలో పెట్టుకోండి. ఇంట్లోకి వచ్చే వాసనలో సగం వాటిదే. శనివారం జోలికి మళ్ళీ పోకండి.

పిలిచిన భోజనం మానెయ్యకండి. పిలిచాక మానితే బాజీ గారికి ఏం కారణం చెప్తారు? అక్కడ మళ్ళీ ఇంకో అబద్ధం మొదలవుతుంది. అత్తగారితో "ఆదివారం పక్కింటివాళ్ళు భోజనానికి వస్తున్నారమ్మా, కరాచీ వాళ్ళు" అని ఉన్నదున్నట్టు చెప్పాలి. చెప్పాల్సింది మీ ఆయన, మీరు కాదు. వాళ్ళమ్మతో ఆయన మాట్లాడితే అది కబురు, మీరు మాట్లాడితే అనుమతి అడిగినట్టో, ధిక్కరించినట్టో ఉంటుంది. "మీరూ మీరూ చూసుకోండి" అన్నందుకు ఆ రోజు గిన్నెలు తోమే పని కూడా ఆయనకే ఇవ్వండి.

ఆ పూటకి అత్తగారిని ఒకటి వండమని అడగండి. ఉలవచారు అయితే మంచిది, బిర్యానీ పక్కన దానికి మించింది లేదు. ఉలవలు మీ ఇండియన్ స్టోర్‌లో దొరుకుతాయి, ఎలా కాయాలో యూట్యూబ్‌లో చూడకుండా ఆవిడనే అడగండి. వచ్చినవాళ్ళకి వడ్డించేటప్పుడు "ఇది మా అత్తయ్య చేశారు" అని వినబడేలా చెప్పండి. ఆవిడ అందరితో కలిసి కూర్చుంటే సరే. కూర్చోనంటే బలవంతం చెయ్యకండి, మొహం మాడ్చుకోకండి, కంచంలో పెట్టి ఆవిడ గదికి పాపచేత పంపండి. బిర్యానీ పెట్టే ముందు దాని పేరు చెప్పండి, ఈసారి సరైన పేరు. వద్దంటే పెరుగన్నమే పెట్టండి.

గింజలు తీసి వేసుకోవడానికి బల్ల మీద ఒక చిన్న గిన్నె పెట్టడం మర్చిపోకండి. పన్ను పోయే వయసు ఆవిడది.